మీర్జాగారి ఒట్టు

నూర్‌గఢ్ నవాబుగారికి ఏ తగవైనా కొరకరాని కొయ్యయితే, అది తెచ్చి దస్తగిరి నెత్తిన పడేసేవారు.

"దస్తగిరీ! బెదిరించకుండా, బతిమాలకుండా ఈ మీర్జా నోట తలాక్ అనే మాట పలికించు. పలికిస్తే నా భుజం మీది శాలువా నీది. లేకపోతే నీ మీసం మంగలి పాలు!" అన్నారు నవాబుగారు, మీర్జాకు వినపడకుండా.

దస్తగిరి మీసం తడుముకున్నాడు. దర్బారులో అందరినీ నవ్వించడం అతని కొలువు. మీసం పోతే నవ్వులపాలయ్యేది తనే.

తగవేమిటంటే, మీర్జా షంషేర్ బేగ్ రెండో నిఖా చేసుకుని, మొదటి భార్య హలీమా బీని పుట్టింటికి తోలేశాడు. తిండి పెట్టడు, వదిలిపెట్టడు. నిఖానాడు భార్యకు ఇవ్వాల్సిన మెహర్ కింద మామిడితోట ఇస్తానని పదిమందిలో ఒప్పుకున్నాడు. తను తలాక్ చెబితే తోట ఆమెకు ఇవ్వాలి. విసిగిపోయి ఆమే విడిపోతానని ఖులా అడిగితే తోట వదులుకుని పోవాలి. ఆవిడ ఎప్పుడు విసుగుతుందా అని మీర్జా గోతికాడ నక్కలా కూర్చున్నాడు.

పరదా వెనక హలీమా బీ దగ్గు వినిపించింది. దస్తగిరికి ఒళ్లు మండింది.

అతనికి మీర్జా సంగతి బాగా తెలుసు. పావురాల పందెమైనా, చదరంగమైనా "నేను ఓడితే నా పెళ్లానికి తలాక్!" అని ఒట్టు వేయనిదే ఆ నోటికి తోచదు. ఓడినా ఓడానని ఒప్పుకునే రకం కాదు గనుక ఆ ఒట్లన్నీ గాలికి పోయాయి.

"మీర్జా సాబ్, నిన్న సంతలో మీ తరఫున పోట్లాడి వచ్చాను" అన్నాడు దస్తగిరి.

"నా తరఫునా? ఎందుకు?"

"మీకు మీసమున్నంత బుర్ర లేదట. దర్బారులో మిమ్మల్ని మించిన తెలివిగలవాళ్లు ఉన్నారట. విని ఊరుకోగలనా?"

మీర్జా చివాలున లేచాడు. "ఏ గాడిద కూసిందది? నాకంటే తెలివైనవాడు ఈ దర్బారులో ఒక్కడున్నా, నా పెళ్లాం హలీమాకు తలాక్! తలాక్! తలాక్!"

దస్తగిరి ఖాజీగారి వైపు తిరిగాడు. "ఈ ఒట్టు చెల్లుతుందా, ఖాజీ సాబ్?"

"షరతు నెరవేరితే చెల్లుతుంది. ఎగతాళికి అన్నా సరే" అన్నారు ఖాజీగారు.

"అయితే మీర్జా సాబ్, ఒక్క ముక్క చెప్పండి."

"అడుగు!"

"మన నవాబుగారు మీకంటే తెలివైనవారా, కారా?"

నవాబుగారు గడ్డం నిమురుకుంటూ మీర్జా వైపే చూస్తున్నారు. అవునంటే తోట పోతుంది, కాదంటే తల పోతుంది.

"హుజూర్... నాకంటే... తెలివైనవారే" అని గొణిగాడు మీర్జా.

"తలాక్ పడింది. తోట హలీమా బీది" అన్నారు ఖాజీగారు.

పరదా వెనకనుంచి హలీమా బీ గొంతు గట్టిగా పలికింది. "ఖాజీ సాబ్, ఆయన నిజం పలకగా నేనెన్నడూ వినలేదు. ఇంకొక్కసారి అనమనండి!"

దర్బారంతా పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. నవాబుగారు కళ్లు తుడుచుకుంటూ శాలువా తీసి దస్తగిరి భుజాన వేశారు.

"మరి నువ్వు చెప్పు. ఈ దర్బారులో నాకంటే తెలివైనవాడు ఉన్నాడా?"

దస్తగిరి శాలువా గట్టిగా కప్పుకుని వంగి సలాం చేశాడు.

"ఒట్టు వేయకుండా అడిగారు చూడండి హుజూర్, తెలివంటే అదీ!"