నగారా ఎర్రెన్న బారసాల

కరువులూ వరదలూ వంతులేసుకుని వచ్చే ఒక ఏటి ఒడ్డు రాజ్యాన్ని వీరకేతు మహారాజు ఏలేవాడు. మనసు మంచిదే. కానీ తాను వేసిన శాసనం మీద ఈగ వాలినా ఓర్చుకునేవాడు కాదు.

ఆ శాసనాల్లో ఒకటి ఇది: అరవై నిండిన కొలువుగాడు ఆ ఏటి ఉగాదికి ఇంటికి పోవాలి. వయసుకు కొలువు చిట్టా కవిలెలో రాసిందే ప్రమాణం.

నందన నామ సంవత్సరం ఉగాదినాడు కోట నగారా మోగించే ఎర్రెన్న పేరు చదివారు. ఎర్రెన్న పరుగున వెళ్లి రాజుకు మొక్కాడు. నగారా తప్ప వాడికి మరో పని తెలియదు.

"మహాప్రభో, నాకు యాభై ఒకటే! మాయమ్మ నన్ను వరదల్లో కంది. కొలువులో చేరినప్పుడు ఆ మాటే సెప్పినాను. రాసినాయన అంతకు ముందటి వరదనుకుని నందనలో పుట్టినానని రాసీసినారు. గుర్రాలశాలలో ఉన్న అప్పలసూరి నాకు సొంత అన్న. ఆడికింకా ఆరేళ్ళ కొలువుంది. అన్నకన్నా ముందు తమ్ముడెలా ముసిలోడైపోతాడు బాబూ?"

రాజు మీసం దువ్వాడు. "మొహాలు చూసి వయసు కట్టే రాజ్యం కాదిది. నిన్నూ చూడం, మీ అన్ననూ చూడం. రాసిందే వయసు."

ఎర్రెన్న ఏడుస్తూ వెళ్లి విదూషకుడు పేరిభట్టు కాళ్ళ మీద పడ్డాడు. పేరిభట్టు అంతా విని, "ఉగాదికి ఇరవై ఒకటోనాడు మీసాలకు నూనె రాసుకుని రా" అన్నాడు.

ఆ రోజు సభలోకి సన్నాయి మేళంతో ఉయ్యాలబల్ల ఒకటి వచ్చింది. నలుగురు మోస్తున్నారు. దాని మీద ఎర్రెన్న కాళ్ళు ముడుచుకుని పడుకున్నాడు. బుగ్గన దిష్టిచుక్క, మెడలో పులిగోరు. మీసాలు మాత్రం దాగలేదు.

"ఏమిటయ్యా ఈ వెర్రి?" అని గద్దించాడు రాజు.

"బారసాల ప్రభూ" అన్నాడు పేరిభట్టు. "కవిలెలో ఈ బిడ్డ నందనలో పుట్టాడని ఉంది. నడుస్తున్నదీ నందనే. అరవై ఏళ్లకోసారి అదే పేరు తిరిగొస్తుంది కదా, ఏ నందనో రాయలేదు. ఇదే అనుకున్నాను. బిడ్డకింకా అరవై ఏళ్ల కొలువుంది."

"నీకు కళ్ళు లేవా? గుమ్మడికాయంత మొహం, చారెడు మీసాలు! వీడు పసిబిడ్డా?"

"అయ్యో, మొహం చూడకూడదని శాసనం కదా ప్రభూ!"

"ఎదురుగా పెట్టుకుని చూడక చస్తామా!"

"అయితే చూడవచ్చన్నమాట" అని పేరిభట్టు చేతులు జోడించాడు. "ఆ చూసే కళ్ళతోనే ఇటు కూడా చూడండి. ఉయ్యాల మోస్తున్న వాళ్లలో ఆ తల నెరిసినవాడే అప్పలసూరి. వీళ్లలో అన్న ఎవరో, తమ్ముడెవరో ఏలినవారే సెలవివ్వాలి."

రాజు ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. ఎర్రెన్న ఉయ్యాలలోంచే దండం పెట్టాడు. ఆ దండం చూసి రాజుకు నవ్వు ఆగలేదు. తలపాగా ఊడిపోయేదాకా నవ్వాడు.

"నా శాసనానికే బారసాల చేశావయ్యా! ఎర్రెన్నా, లే. ఇంకా తొమ్మిదేళ్లు నగారా నీదే. ఇకమీదట మనిషినీ, వాడి తోడబుట్టిన వాళ్లనూ విచారించకుండా ఎవరినీ ఇంటికి పంపేది లేదు."

పేరిభట్టుకు తన భుజాన ఉన్న జరీ శాలువా కప్పాడు. బారసాలకు వచ్చి బిడ్డకేమీ పెట్టకపోతే బాగుండదని ఎర్రెన్నకు వెండి మొలతాడు చేయించాడు.

ఆ మధ్యాహ్నం రాజు భోంచేసి నడుం వాల్చాడో లేదో, కోట గుమ్మం మీద నగారా మోగింది. సంబరమంతా చేతుల్లోకి దిగిన ఎర్రెన్న దెబ్బలకు కిటికీ తలుపులు గడగడలాడాయి.

రాజు ఉలిక్కిపడి లేచి, చెవులు మూసుకుని నవ్వాడు.

"వీడికి అరవయ్యా? ఇరవై నిండితే గొప్ప!"