పొద్దును పట్టుకున్న అసిరమ్మ

రండి, దగ్గరికి జరగండి. చిన్నవాళ్ళు ముందుకి, పొడుగువాళ్ళు వెనక్కి. అందరూ కూర్చున్నారా? అయితే వినండి.

మీ తాతల తాతలకి ఇంకా మూతిమీద మీసం రాని కాలంలో, ఏటి ఒడ్డున ఒక ఊరుండేది. ఆ ఊళ్ళో అసిరమ్మ అని ఒక కూలిమనిషి ఉండేది. వరినాట్లు వేసేది. ఆమెకి జానెడు నేల లేదు. ఉన్నదల్లా ఒక గొంతు. అదైనా తీయటి గొంతు కాదు, తిరగలి తిప్పినట్టు గరగరలాడేది.

కానీ ఆ గొంతులో రెండు పాటలుండేవి. గట్టుపాట పాడితే దూరపు గట్టు దగ్గరికొచ్చేది. పొద్దుపాట పాడితే పొద్దు ఉన్నచోటే నిలబడేది. పాట ఆగిందా, గట్టు గట్టు చోటికి, పొద్దు పొద్దు చోటికి వెళ్ళిపోయేవి.

ఆ ఊళ్ళో ఒక కట్టుబాటుండేది. నా మడిలో నాటడానికి నువ్వొస్తే, బదులుగా నీ మడికి నేనొస్తాను. రాకపోతే రాను. ఒక ఏడు పైడమ్మ అనే ఆవిడ జ్వరంతో మంచం పట్టి ఎవరి మడికీ వెళ్ళలేకపోయింది. అందుకని ఆమె మడికి ఎవరూ రాలేదు. ఊరంతా నాట్లయిపోయాయి. పైడమ్మ నారు ముదిరిపోతోంది. ఆవేళ పొద్దు గుంకితే కాలవ నీరు దిగువ ఊరికి తిప్పేస్తారు. ఆలోగా నాటకపోతే ఆ ఇంట్లో ముగ్గురు పిల్లలకి ఏడాదంతా గంజి కూడా ఉండదు.

మడిలోకి దిగింది ముగ్గురే. అప్పుడే జ్వరం తగ్గి లేచిన పైడమ్మ, ఆమె అత్త, అసిరమ్మ.

అసిరమ్మ ముందు గట్టుపాట ఎత్తుకుంది. గట్టు జరిగి జరిగి, మడి చాపంత అయింది. గబగబా నాటేశారు. ఊపిరి తీసుకోడానికి అసిరమ్మ పాట ఆపింది. మడి మళ్ళీ సాగిపోయింది. చూస్తే బారకో మొక్క.

"ఓలమ్మ, ఇది వరిచేనా, కొబ్బరితోటా?" అంది అత్త.

ఇక పొద్దుపాటే దారి. అప్పటికి పడమటి కొండ మీద బారెడు పొద్దుంది. అసిరమ్మ పాడింది, పొద్దు నిలబడింది. వాళ్ళు నాటారు. అసిరమ్మ పాడింది, పొద్దు నిలబడింది. వాళ్ళు ఇంకా నాటారు.

ముందుగా పసులకాపరి వచ్చాడు.

"అసిరమ్మా, ఆవులు మూడుసార్లు ఇంటికొచ్చాయి. పొద్దుందని చూసి మూడుసార్లు మేతకెళ్ళిపోనాయి. ఇంక వదిలీ."

అసిరమ్మ పలకలేదు. పలికితే పాట ఆగుతుంది.

తర్వాత ఒక ముసలమ్మ వచ్చింది.

"రేతిరి కూడు రెండుసార్లు వండానే. మా ముసలోడు మూడోసారి ఆకేసుకుని కూకున్నాడు. వదిలీయే."

అసిరమ్మ పలకలేదు.

ఆఖరికి ఊరిపెద్ద నాయుడు వచ్చాడు, ఆవలిస్తూ. వెనకాల ఊరంతా వచ్చింది.

"ఎంత తొంగున్నా నిద్దర రాదేటే, కంట్లో ఎండ. ఆపు."

పైడమ్మ అత్త నడుం ఎత్తింది. "నాయుడుబాబూ, అది ఆపితే పొద్దు దబ్బున పడిపోద్ది. నీకు నిద్దర కావాలంటే మడిలోకి దిగు."

"నానా? నాను నాయుణ్ణి."

"ఆ సంగతి బురదకి తెలీదులే."

అందరూ నవ్వారు. నాయుడు నవ్వలేదు. "మీ కోడలు మాకు బదులు రానేదు గదా," అన్నాడు.

పైడమ్మ చేతిలో నారుకట్ట అలాగే ఉంది. "ఆ జొరంతో వచ్చుంటే మీ మడిలోనే పడి చచ్చిపోదును బాబూ."

అసిరమ్మ పాడుతూనే ఉంది. గొంతు అరిగి నూలుపోగంత అయింది. అది తెగినప్పుడల్లా పొద్దు జానెడు కిందికి జారుతోంది.

నాయుడు పంచె ఎగ్గట్టాడు. మడిలోకి దిగాడు. పసులకాపరి దిగాడు. ముసలమ్మ నారుకట్టలు అందించింది. ఊరంతా దిగింది. ఆఖరి మొక్క నాటాక అసిరమ్మ నోరు మూసింది. పొద్దు తాటిపండులా కొండ వెనక పడింది. మర్నాడు ఊళ్ళో మిట్టమధ్యాహ్నం దాకా ఎవరూ లేవలేదు.

అసిరమ్మ నిండుగా బతికి, పండి, వెళ్ళిపోయింది. ఆమె పాట ఇంకెవరికీ రాలేదు. ఆమె పోయిన మరుసటేడు కాలు విరిగిన ఒకాయన మడి మిగిలిపోయింది. జనం పడమటికి చూశారు. పొద్దును పట్టుకునే మనిషి లేదు. ముసలివాడైపోయిన నాయుడు పంచె ఎగ్గట్టాడు. అతని వెనకే అందరూ దిగారు. పని అయ్యాక తలెత్తి చూస్తే, కొండ మీద ఇంకా బారెడు పొద్దుంది.

"ఎవరు పాడారే?" అన్నాడు నాయుడు.

ఎవరూ పాడలేదు.

అప్పటినుంచి ఆ ఊళ్ళో చివరి మడికి బదులు అడగరు. దాన్ని అసిరమ్మ మడి అంటారు. ఎవరిదైనా సరే, అందరూ దిగుతారు. ఆఖరి మొక్క నాటేదాకా పొద్దుపోయిందని ఎవరూ అనరు. తెలియక ఎవరైనా అంటే, "అసిరమ్మ పట్టుకునే ఉంది, నువ్వు నాటు," అంటారు.

అదీ సంగతి. ఇంక లేవండి. అమ్మలు కేకలేస్తున్నారు. కాళ్ళూ చేతులూ కడుక్కుని, వేడివేడిగా అన్నం తినండి, వెళ్ళండి.