తారావళి పేరు, గవరమ్మ నోరు

అనగా అనగా రాజు లేనిదే కథ లేదు కాబట్టి, ఒక రాజున్నాడు. ఆ రాజుకు ముగ్గురు కొడుకులు. పెద్దవాడు జయధీరుడు, నడిపివాడు రణధీరుడు, చిన్నవాడు మణికేతుడు. నలుగురని చెప్పేవాళ్ళు కూడా ఉన్నారు. వాళ్ళ మాట వినకండి. ముగ్గురే.

ఆ రాజ్యంలో ఒక ఏరుంది, దాని పేరు తారావళి. ఏటి ఒడ్డున ఊరుంది, దాని పేరూ తారావళే. ఊరి రేవులో మూడు తెరచాపల ఓడ ఉంది, దాని పేరూ తారావళే. ఏరు దాటించే పడవపిల్ల ఒకతె ఉంది. ఆ పిల్ల పేరేమిటి? తారావళే!

ఎవరి పేరు ఎవరికి పెట్టారని ఊళ్ళోవాళ్ళు రోజూ అరుగుల మీద కూచుని కొట్టుకు చచ్చేవాళ్ళు. "ముందు ఓడే!" అని ఓడవాళ్ళు. "ముందు ఏరే!" అని రైతులు. "ఊరు లేనిదే మీరెక్కడ? ముందు ఊరే!" అని అంగళ్ళవాళ్ళు. ఆ మాటలు వింటూ ఒక్క ముసలమ్మ మాత్రం మూతి తిప్పుకుని పోయేది. ఆవిడ పేరు గవరమ్మ, పడవపిల్లకు నాయనమ్మ. తొంభై ఏళ్ళు. వంక పెట్టనిదే మెతుకు మింగేది కాదు.

మణికేతుడు రోజుకు మూడుసార్లు ఆ పిల్ల పడవెక్కి ఏరు దాటేవాడు. అవతలి ఒడ్డున అతనికి పనేమీ లేదు. గవరమ్మ చూస్తూ ఊరుకుంటుందా?

"ఏం చినరాజా, అవతల ఏమన్నా పారేసుకున్నావా?"

"లేదవ్వా. గాలికి పోతున్నా."

"గాలి ఈ ఒడ్డునా వీస్తుంది నాయనా!"

పడవపిల్ల గడ వేస్తూ మొహం అటు తిప్పుకుని నవ్వేది.

ఇలా ఉండగా ఒకనాటి పొద్దున ఎక్కడినుంచో ఒక నల్లచిలక వచ్చి ఓడ కొయ్య మీద వాలింది. "తారావళి! తారావళి! తారావళి!" అని మూడుసార్లు పిలిచింది. జామపండు మింగినట్టు ఆ పేరును గుటుక్కున మింగి ఎగిరిపోయింది.

అంతే! ఓడ పక్కన రాసిన అక్షరాలు చెరిగిపోయాయి. పేరు పోయిన ఓడ కుమ్మరి సారెలా ఉన్నచోటే గిర్రున తిరిగింది. ఏరు తన దారి మరిచిపోయి ఆగి, ఇసకలోకి ఇంకిపోయింది. ఊరికి రావలసిన బళ్ళు ఊరు కనపడక బయల్దేరిన చోటికే పోయాయి. పడవ మీద పిల్ల గడ పట్టుకుని నిలబడ్డది నిలబడ్డట్టే బిగుసుకుపోయింది. కాళ్ళు చూస్తే రాయి!

మణికేతుడు ఇసకలో పరుగెత్తుకుంటూ వచ్చాడు. పిలుద్దామంటే పేరు నాలుక మీదికి రాదు. రాజుకూ రాలేదు, మంత్రికీ రాలేదు, ఊళ్ళో ఎవరికీ రాలేదు. ఇక్కణ్ణించి నేనూ ఆ పేరు అనను. అనవలసినవాళ్ళు అన్నప్పుడే విందురుగాని.

అప్పుడు ఎండిన ఏట్లోంచి ముసలి తాబేలొకటి తలెత్తింది. "చినరాజా, అది కంకాళుడి చిలక. వాడు మాంత్రికుడు. ఏడు సముద్రాల అవతల నల్లదీవిలో ఉంటాడు. వాడి పేరు ఏ తల్లీ బిడ్డకు పెట్టుకోలేదు, ఏ ఊరూ పెట్టుకోలేదు. ఆ కడుపుమంటతో లోకంలో మంచిపేర్లన్నీ దొంగిలిస్తున్నాడు. వాడి ప్రాణం ఆ చిలకలోనే ఉంది."

"అయితే దాని మెడ విరిచేస్తా!"

"విరిస్తే అది మింగిన పేర్లూ చస్తాయి. దాని ఎదుట నిలబడి, ఆ పేరుతో మూడుసార్లు పిలవాలి. అప్పుడు కక్కుతుంది. పున్నమిలోగా కక్కించకపోతే పిల్ల నిలువునా రాయి."

"నేను పోతా!" అన్నాడు పెద్దవాడు జయధీరుడు. తాబేలు అతన్ని సముద్రం దాకా తీసుకుపోయింది, పాదాన నీళ్ళు తగలగానే తెప్పంత అయింది. దాని వీపు మీద కత్తి దూసుకుని పోయాడు. మూడోనాడు తాబేలు ఒక్కటే తిరిగొచ్చింది.

"ఏం కావాలని కంకాళుడు అడిగాడు. పేరు కావాలన్నాడు మీ అన్న. ఏ పేరని అడిగాడు వాడు. మీ అన్న నోరు తెరిచాడు. తెరిచిన నోటితోనే రాయైపోయాడు."

"నేను పోతా!" అన్నాడు నడిపివాడు రణధీరుడు. వాడు తెలివైనవాణ్ణనుకునేవాడు. పండితుల చేత నూరు పేర్లు తాటాకుల మీద రాయించుకుని పోయాడు. మూడోనాడు తాబేలు ఒక్కటే తిరిగొచ్చింది. నూరు పేర్లూ చదివాడట. అందులో కావలసింది లేదట. వాడూ రాయే.

పిల్లకు అప్పటికి నడుం దాటి గుండెల దాకా రాయి ఎక్కింది.

ఇక మణికేతుడి వంతు. పోయేముందు పిల్లను ఒక్కసారి చూసుకుందామని పడవ దగ్గరికి వచ్చాడు. అక్కడ గవరమ్మ గిన్నెలో గంజి పట్టుకుని, "బుల్లెమ్మా, నోరు తెరవ్వే, చల్లారిపోతోంది" అంటోంది. పిల్ల రెప్పలు టపటపా ఆడాయి!

మణికేతుడు గవరమ్మ చెయ్యి పట్టుకున్నాడు. "అవ్వా! ఏమని పిలిచావు?"

"బుల్లెమ్మా అని. పుట్టిన నాటినుంచీ అంతే. దానికి మా అత్తగారి పేరు పెట్టారు. అత్తపేరు కోడలి నోట పలుకుతుందా నాయనా?"

"ఒక్కసారి కూడా పలకలేదా?"

"కాపరానికొచ్చిన నాటినుంచీ ఒక్కసారి కూడా!"

మణికేతుడు ఎగిరి గంతేశాడు. "ఆ పేరు పలికిన నోళ్ళనుంచే పోయింది. పలకని నోరు నీదొక్కటే! అవ్వా, నీకు గుర్తుందా?"

"ఆవిడ నా కూరలకు పెట్టిన వంకలన్నీ గుర్తున్నాయి, పేరు గుర్తుండదా?"

"అయితే వచ్చి చిలక ముందు చెప్పు!"

"వస్తా. చెప్తానని మాత్రం మాటివ్వను." అంటూనే గవరమ్మ ఎండుమిరపకాయల మూట చంకన పెట్టుకుంది. "ఆ దీవిలో ఎంత చప్పిడి తిండి తింటారో ఏమో!"

మణికేతుడు అవ్వను భుజాలమీద ఎక్కించుకుని తాబేలు మీద కూచున్నాడు. ఉప్పు సముద్రం దాటారు. గవరమ్మ వేలు ముంచి నాకి, "ఉప్పెక్కువైంది" అంది. చెరకురసం సముద్రం దాటారు. "నీళ్ళు కలిపారు" అంది. కల్లు సముద్రం దాటారు. దానికి మాత్రం రెండుసార్లు వేలు ముంచి, "ఫరవాలేదు" అంది. నేతి సముద్రాన్ని చూసి "మాడగాచారు" అంది. పెరుగు సముద్రాన్ని చూసి "పులిసింది" అంది. పాల సముద్రాన్ని చూసి "మీగడ ఏదీ?" అంది. ఏడోది మంచినీళ్ళ సముద్రం. దోసిలి పట్టి కడుపునిండా తాగింది.

"దీనికి వంక లేదా అవ్వా?"

"మా ఏటి నీళ్ళలాగే ఉన్నాయి" అంది గవరమ్మ. "పోనీ, తొందరగా పోనీ!"

అదిగో నల్లదీవి! నల్లకోట, నల్లచెట్టు, గుమ్మానికి అటొక అన్న, ఇటొక అన్న, రాళ్ళై. కంకాళుడు జడలు విదిలించుకుంటూ బయటికి వచ్చాడు. "ఏం కావాలి?"

"పేరు కావాలి."

"ఏ పేరు?"

"అది మా అవ్వ చెప్తుంది."

కంకాళుడు ముసలమ్మను చూసి పకపకా నవ్వాడు. "ముందు రెండు పనులు చెయ్యండి. పేరు చెప్పడం మూడోది. ఒక్కటి తప్పినా మీరూ రాళ్ళే!"

మొదటి పని. అడుగున చిల్లులున్న కడవతో నీళ్ళు తేవాలి, ఒక్క బొట్టు కారకూడదు. మణికేతుడు చిల్లుల్లో మట్టి పెట్టాడు, కరిగిపోయింది. ఆకులు పెట్టాడు, ఊడిపోయాయి.

"ఇన్నాళ్ళు పడవెక్కావు, పడవను చూశావా? ఎంతసేపూ పిల్లను చూశావు!" అని కసిరింది గవరమ్మ. "పలకల సందుల్లో ఏం కూరతారు? కొబ్బరిపీచు కాదూ! పీచు లేకపోతే నీ తలపాగా ఉంది కదూ!"

మణికేతుడు పట్టు తలపాగా పరపరా చించి, చిల్లుల్లో దట్టంగా కూరి, కడవ నిండా నీళ్ళు తెచ్చాడు. ఒక్క బొట్టు కారలేదు.

రెండో పని. నల్లచెట్టు మీద వెయ్యి నల్లచిలకలు. అన్నిటికీ ఒకటే ముక్కు, ఒకటే రంగు. పేరు మింగిన చిలకేదో చూపించాలి. మణికేతుడికి కళ్ళు తిరిగాయి. గవరమ్మ మూట విప్పి మిరపకాయలు జల్లింది. చిలకలన్నీ మీద పడి కొరుక్కు తిన్నాయి. ఒక్కటి మాత్రం కొమ్మ మీదే కూచుంది.

"అదే! కడుపు నిండింది దానికే కదా!"

మణికేతుడు ఒక్క దూకు దూకి చిలకను పట్టుకున్నాడు. కంకాళుడి మొహం నల్లబడింది. ఇక మూడో పని, పేరు చెప్పాలి. చెప్పేస్తే అయిపోయె! కాని మాంత్రికుడు మాంత్రికుడే. వాడు గవరమ్మ ముందు మోకాళ్ళ మీద కూచున్నాడు.

"గవరమ్మా, నీ కడుపులో మంట నాకు తెలుసు. కొండ విరిగిపడి ఏరు మూసుకుపోతే, పన్నెండేళ్ళు దారి తవ్వింది మీ అత్త. ఆ మట్టి మోసిందెవరు?"

"నేనే. రోజుకు నూరు తట్టలు."

"ఏరు పారింది. ఏటికి ఎవరి పేరు పెట్టారు?"

"ఆవిడ పేరే."

"ఏటి ఒడ్డున ఊరు వెలిసింది. ఊరికి?"

"ఆవిడ పేరే."

"ఊరు ఓడ కట్టింది. ఓడకు?"

"ఆవిడ పేరే! ఆఖరికి నా మనవరాలికీ ఆవిడ పేరే! మట్టి మోసినదాని పేరు తట్టకైనా పెట్టలేదు!"

"నోరు మూసుకుని ఉండు, చాలు. పున్నమి దాటనీ. ఏటిని మళ్ళీ పారిస్తా. అది గవరమ్మ ఏరు. ఊరు గవరమ్మ ఊరు. ఓడ గవరమ్మ ఓడ. నీ మనవరాల్నీ నేనే బతికిస్తా, నీ పేరుతో!"

మణికేతుడు బతిమాలుదామనుకుని మానుకున్నాడు. పన్నెండేళ్ళు మట్టి మోసినావిడకు చెప్పే మాట అతని దగ్గర ఏముంది? చిలకను మాత్రం వదలకుండా అవ్వ కాళ్ళ దగ్గర కూచున్నాడు.

గవరమ్మ కంకాళుణ్ణి ఎగాదిగా చూసింది. "ఒరే జడలోడా! మా అత్త నా చేతి పులుసు నలభై ఏళ్ళు బాగుందనలేదు. అది నేను చచ్చేదాకా మరిచిపోను. కానీ గునపం పట్టింది ఆవిడే. తన చెయ్యి చీమూ నెత్తురూ కారుతున్నా, తవ్వింది ఆవిడే. తవ్వినదాన్ని తవ్వలేదనే నోరు కాదురా నాది! దొంగపేరు నాకెందుకు? నీకే లేదు దిక్కు, నాకు పెడతావా?"

అని, కొంగు తలమీదికి లాక్కుంది. దూరంగా ఉన్న తన ఏటి వైపు తిరిగి, "అత్తా, తప్పు కాయి" అంది. చిలక మొహంలోకి చూసి పిలిచింది.

"తారావళి!"

చిలక గింజుకుంది. కోట బీటలిచ్చింది.

"తారావళి!"

చిలక నోరు తెరిచింది. కంకాళుడు నేల మీద పడి పొర్లాడు.

"తారావళి!"

చిలక గొంతులోంచి ఆ పేరు గంట మోగినట్టు బయటికి దూకింది. దాని వెనకే వేలవేల పేర్లు పిట్టల్లా ఎగిరిపోయాయి. పేర్ల అడుగున దాచుకున్న వాడి ప్రాణమూ వాటితో కొట్టుకుపోయింది. కంకాళుడున్న చోట పిడికెడు బూడిద మిగిలింది. అన్నలిద్దరూ ఆవలిస్తూ లేచారు. చిలకకు నలుపు వదిలి ఆకుపచ్చ రంగు వచ్చింది, వచ్చి గవరమ్మ భుజమెక్కింది.

తాబేలు మీద తిరిగి వస్తుంటే, ఒడ్డు ఇంకా కనపడకముందే దూరాన నీలంగా ఒక కొండ కనిపించింది.

"అవ్వా, ఆ తవ్విన మట్టి ఎక్కడ పోశావు?" అని అడిగాడు మణికేతుడు.

"అదిగో, ఆ దిబ్బంతా అదే."

"అది దిబ్బా! అందరం దేవుడు పెట్టిన కొండ అనుకున్నాం. ఊరు వరదకు మునగకుండా ఉన్నది దాని చలవే. దానికి పేరేమిటవ్వా?"

"దిబ్బకు పేరేమిటి నాయనా, దిబ్బ."

మణికేతుడు నవ్వుకుని ఊరుకున్నాడు.

ఏట్లో నీళ్ళు నురగలు కక్కుతూ వస్తున్నాయి. ఓడ తిన్నగా నిలబడింది. పడవ మీద పిల్ల గడ వేస్తూ, "ఏం చినరాజా, అవతలికా?" అంది.

"కాదు, ఈసారి ఈ ఒడ్డుకే" అన్నాడు మణికేతుడు.

పెళ్ళి అయిదు రోజులు జరిగింది. గడప దగ్గర ఆడవాళ్ళు అడ్డం నిలబడి, పేర్లు చెప్పనిదే లోపలికి పోనివ్వం అన్నారు. "తారావళి!" అని పెళ్ళికొడుకు ఊరంతా వినపడేటట్టు అరిచాడు. "మణికేతుడు" అని పెళ్ళికూతురు కొంగు చాటునుంచి అంది. అన్నలిద్దరూ, మేము చెయ్యలేని పని చేసినవాడే రాజు కావాలన్నారు. వాళ్ళు చేసిన తెలివైన పని అదొక్కటే.

పట్టాభిషేకం నాడు దండోరా వేశారు: "ఈ రోజునుంచి అది దిబ్బ కాదు, గవరమ్మకొండ!" రాతి మీద అక్షరాలు చెక్కించి గవరమ్మను తీసుకెళ్ళి చూపించాడు మణికేతుడు.

"రెండో అక్షరం వంకరగా ఉంది" అంది గవరమ్మ.

"నీకు చదవడం రాదుగా అవ్వా!"

"వంకర కనపడ్డానికి చదువెందుకు?" అని కొంగుతో కళ్ళు తుడుచుకుంది. ఆ రాతిని తడిమి తడిమి చూసుకుంది. భుజం మీద చిలక "గవరమ్మా! గవరమ్మా! గవరమ్మా!" అని మూడుసార్లు పిలిచింది. ఈసారి మింగలేదు.

మణికేతుడూ తారావళీ నూరేళ్ళు ఏలారు. ఓడ తారావళి ఎన్ని సముద్రాలు తిరిగొచ్చినా, ఓడవాళ్ళకు ముందు కనపడేది ఊరు కాదు, ఏరు కాదు. "గవరమ్మా!" అని ముందు కొండను చూసి కేకేస్తారు, ఆ తర్వాతే తారావళికి దారి తిప్పుతారు.

కథ ఒడ్డు చేరింది. దిగండి పిల్లలూ, తడి కాళ్ళతో లోపలికి రాకండి.