రుజువు బండకు అందని మాట

అనగనగా ఒక అడవిలో, కొండవాలు కింద, బల్లపరుపుగా ఒక బండ ఉండేది. దాన్ని అందరూ రుజువు బండ అనేవారు. ఊఁ కొట్టండర్రా! ఊఁ కొట్టకపోతే నేను చెప్పను.

ఆ బండకి పెద్ద గవరయ్య అనే ముళ్ళపంది. ఒంటినిండా ముళ్ళు, నోటినిండా చాదస్తం. మనసు మాత్రం మంచిదే.

వెనకటికి ఆ అడవిలో ఎవరికి తోచింది వాళ్ళు నిజమనేవారట. "నేను చూశాను" అని ఒకరంటే, "నేనూ చూశాను, అలా కాదు" అని ఇంకొకరు. రోజూ తగువులే. గవరయ్య తాత విసిగిపోయి ఒక పద్ధతి పెట్టాడు. అందరూ ఒప్పుకున్న ఐదు పెద్దమాటలకి గుర్తుగా బండ చివర ఐదు గుండ్రాళ్ళు ఉంచాడు. 'నీరు పల్లానికే పోతుంది', 'తల్లి లేకుండా పిల్ల లేదు', ఇలాంటి మాటలన్నమాట. ఎవరు ఏది నిజమని చెప్పాలన్నా ఆ ఐదింటి దగ్గరే మొదలుపెట్టాలి. ఒక్కో మాటకి ఒక్కో గులకరాయి పేర్చుకుంటూ రావాలి. వెనక రాయి ఒప్పుకుంటేనే ముందు రాయి. వరస తెగకుండా చివరికి చేరిందా, అది నిజం. ఇక పులి వచ్చి గాండ్రించినా కాదనడానికి లేదు.

ఎంత మంచి పద్ధతో చూడండి! ఒకసారి ఓ దుప్పి పిల్ల మీద దొంగతనం అంటగడితే, గవరయ్య గులకరాళ్ళు పేర్చి ఆ పిల్ల తప్పేం లేదని తేల్చాడు. అడవంతా "శభాష్" అంది. ఆ శభాష్ ఆయన తలకెక్కింది. తాత చెప్పని ముక్క ఒకటి తనే కలిపాడు. "ఈ బండ మీద రుజువు లేనిది అబద్ధం" అన్నాడు. అబద్ధమాడినవాళ్ళు పిల్లాజెల్లాతో ఏరు దాటి పోవాలని కూడా అన్నాడు. ఏటి అవతల ఏముంటాయి? తోడేళ్ళు!

అలా ఉండగా, ఒక ఎండాకాలం చివర, సింగారి అనే కుందేలు బండ దగ్గర జరిగే అడవి సభకి వచ్చింది. వెనకాలే బుడి బుడి అడుగులు వేస్తూ దాని పిల్లలు.

"గవరయ్య మామా! కొండ కదులుతోంది. బొరియలో పడుకుంటే నా పొట్టకి తెలుస్తోంది. వానలు పడేలోగా మనమంతా తూర్పు మిట్ట మీదికి పోదాం" అంది.

సభలో గుసగుసలు బయలుదేరాయి. సభకి పెద్ద భద్రయ్య అనే ఎలుగుబంటి. ఆయన ఆవులించి, "సరే, పేర్చు తల్లీ" అన్నాడు.

సింగారి పేర్చింది. 'నీరు పల్లానికే పోతుంది' దగ్గర మొదలుపెట్టి, మట్టి నానుతుంది అన్నదాకా వచ్చింది. అక్కడ ఆగిపోయింది. ఇంకో గుండ్రాయి దగ్గర మళ్ళీ మొదలుపెట్టింది. అదీ సగంలోనే తెగింది. మూడోసారి గవరయ్యే జాలిపడి దిగాడు. ఎంత నేర్పుగా పేర్చినా కొండ కదలడం దగ్గరికి వరస చేరలేదు.

అప్పుడు కోటేశం లేచాడు. కోటేశం ఒక నక్క, గవరయ్య దగ్గరే పేర్పు నేర్చుకున్న శిష్యుడు. చెడ్డవాడు కాదు కానీ, తను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు అనే రకం. ఈ సామెత మాత్రం సింగారి ముందు అనకండేం, బాధపడుతుంది.

"గురువుగారూ, రుజువు లేనిది అబద్ధం. మీ మాటే కదా! మరి ఈవిడ ఏరు దాటాల్సిందే" అన్నాడు.

గవరయ్య గుండెల్లో రాయి పడింది. భద్రయ్య కాసేపు గొణిగి, "రేపు సాయంత్రం దాకా గడువు. ఈలోగా రుజువు దొరక్కపోతే పోవాలమ్మా" అన్నాడు. సింగారి పిల్లల్ని దగ్గరికి లాక్కుంది.

మర్నాడు తెల్లారేసరికి గవరయ్య ఒక్కడే బండ మీద ఉన్నాడు. "సింగారి అబద్ధమాడే రకం కాదే! నిజమే అయితే రుజువు ఉండి తీరాలి కదా. ఉండి తీరాలా? అది నాకెవరు చెప్పారు?" అని తనను తనే అడిగాడు. ఏనాడూ అడగని ప్రశ్న అది. సరే, చూద్దాం అనుకుని ఒక గులకరాయి చేతిలోకి తీసుకున్నాడు. దానికి ఒక మాట పెట్టాడు. ఏ మాటో తెలుసా?

"ఈ మాటకి ఈ బండ మీద రుజువు దొరకదు."

నవ్వకండి. ఆయన మొదట్లో నవ్వాడు, తరవాత నవ్వు ఆగిపోయింది.

"దీనికి రుజువు దొరికిందనుకో" అనుకున్నాడు. "దొరకదని కదా ఇది అంటోంది? దొరికితే ఈ మాట అబద్ధమైపోతుంది. అంటే మా తాత బండ అబద్ధాన్ని రుజువు చేసినట్టు! అమ్మో, అలా జరగదు. ఈ బండ ఎన్నడూ అబద్ధం చెప్పదు. మరైతే దీనికి రుజువు దొరకదు. దొరకదనే కదా ఈ మాట అంటోంది! అంటే ఈ మాట నిజం. నిజమే, కానీ రుజువు లేదు!"

మళ్ళీ మొదటినించీ ఆలోచించాడు. ఎటు తిప్పినా అంతే. ముళ్ళన్నీ నిక్కబొడుచుకున్నాయి. రుజువు లేని నిజం ఒకటి తన చేతిలోనే ఉంది. ఒకటి ఉంటే ఇంకొన్ని ఉండవని ఎవరనగలరు?

ఈ గులకరాయిని ఏట్లో విసిరేస్తే ఎవరికీ తెలీదు. ఆయన పెద్దరికం ఆయనకి ఉంటుంది. కానీ సింగారి పిల్లలు తోడేళ్ళ పాలవుతారు. గవరయ్య గట్టిగా నిట్టూర్చాడు. "పోతే పోయింది పెద్దరికం" అనుకుని సభ చేరేదాకా అక్కడే కూర్చున్నాడు.

సాయంత్రం అందరి ముందూ ఆ రాయి చూపించి, తను ఆలోచించిందంతా పూసగుచ్చినట్టు చెప్పాడు. "నేను కలిపిన ముక్క తప్పు. రుజువు లేనిదల్లా అబద్ధం కాదు" అన్నాడు.

సభ గొల్లున నవ్వింది. "ఆడలేక మద్దెల ఓడు అన్నాడట!" అని అరిచాడు కోటేశం. కళ్ళలో నీళ్ళు తిరిగాయి వాడికి. "ఇన్నాళ్ళూ మాకు నేర్పిందంతా వట్టిదేనా గురువుగారూ?"

"వట్టిది కాదురా అబ్బీ! ఇక్కడ రుజువైన ఒక్క మాట కూడా కదలదు. దుప్పి నాడూ దొంగ కాదు, నేడూ కాదు. ఇక్కడ రుజువు కాని మాట ఎదురైతే మాత్రం, అబద్ధమని తోసెయ్యకూడదు. నీకు నమ్మకం లేకపోతే, కొండ కదలదని నువ్వు పేర్చు, చూద్దాం."

కోటేశం పేర్చాడు. చెమటలు పట్టేదాకా పేర్చాడు. వాడి వరసా తెగింది. కదులుతుందనీ రుజువు లేదు, కదలదనీ లేదు.

భద్రయ్య బుర్ర గోక్కున్నాడు. "మరి ఏం చెయ్యమంటావయ్యా?"

"ఏముంది, కొండెక్కి చూడాలి" అన్నాడు గవరయ్య.

అంతే, సింగారి గడువు పక్కన పెట్టి అందరూ కొండెక్కారు. పైన నేలలో పొడుగాటి బీట కనిపించింది. ఎప్పటిదో పాత బీట కావచ్చు, కొత్తదీ కావచ్చు. సింగారి తడి మట్టి తెచ్చి, బీటకి అడ్డంగా అక్కడక్కడా పట్టీల్లా పూసింది. "నేల కదలకపోతే ఈ పట్టీలు ఇలాగే ఉంటాయి. కదిలితే వాటికవే చెబుతాయి" అంది. కొన్నాళ్ళ తరవాత వెళ్ళి చూస్తే, ప్రతి పట్టీ నడిమికి తెగి రెండు ముక్కలై ఉంది. ఎండకి బీటలు వారితే అడ్డదిడ్డంగా పగులుతుంది. ఇది మాత్రం కత్తితో కోసినట్టు, అన్నీ ఒకే వరసలో.

ఇంకేం! అడవంతా మూటాముల్లే సర్దుకుని తూర్పు మిట్టకి కదిలింది. కోటేశం ఒక్కడే కదల్లేదు. "మట్టి పట్టీలు రుజువా? నేను రాను" అని తన గుహలోనే కూర్చున్నాడు.

వాన మొదలైంది. మిట్ట మీద నుంచి గవరయ్య కిందికి చూశాడు. "వాడికి ఆ ముక్క నేర్పింది నేనే" అని గబగబా దిగబోయాడు. కానీ ముళ్ళపంది పరుగు ఏపాటిది? సింగారి ఆయన్ని దాటుకుని దూసుకుపోయింది.

గుహ ముందు నిలబడి అరిచింది. "కోటేశం అన్నా! నా మాటకి రుజువు లేదు, ఒప్పుకుంటాను. ఒక్క రాత్రి మిట్ట మీదికి వచ్చి పడుకో. కొండ కదలకపోతే రేపు నేనే ఏరు దాటిపోతాను."

తనని వెళ్ళగొట్టబోయినవాడి కోసం తడుస్తూ నిలబడింది చూశారా! కోటేశం తల వంచుకుని బయటికొచ్చాడు. ఇద్దరూ మిట్ట ఎక్కారో లేదో, వెనక పెద్ద ఉరుములాంటి చప్పుడు. కొండవాలంతా జారి గుహ మీదా బొరియల మీదా రుజువు బండ మీదా పడింది. మిట్ట మీద మాత్రం ఒక్క ప్రాణికి చిన్న దెబ్బ కూడా తగల్లేదు.

వానలు వెలిశాక మిట్ట మీద కొత్త బండ వెతికారు. పాత ఐదు మాటలకీ గుండ్రాళ్ళు ఉంచి, పక్కన ఆరోది పెట్టారు: 'నేల కదిలితే పట్టీ తెగుతుంది'.

"ఇప్పుడు నిజాలన్నీ ఈ ఆరింట్లోంచి వచ్చేస్తాయా గురువుగారూ?" అని కోటేశం ఆశగా అడిగాడు.

గవరయ్య పకపకా నవ్వాడు. "ఆరు కాదురా, అరవై పెట్టు. 'ఈ మాటకి ఈ కొత్త బండ మీద రుజువు దొరకదు' అంటాను నేను. ఏం చేస్తావు? బయట ఇంకో నిజం నిలబడే ఉంటుంది."

కోటేశం మొహం ముడుచుకున్నాడు. తరవాత లేచి, సభకి వచ్చి వెనకాల బెరుకుగా నిలబడ్డ ఒక ముసలి ఉడుత దగ్గరికి వెళ్ళాడు.

"రామ్మా, నీ మాట చెప్పు. రుజువు ఉంటే పేరుద్దాం. లేకపోతే నాతో రా, వెళ్ళి చూసొద్దాం" అన్నాడు.

నీతి: రుజువైనదాన్ని గట్టిగా పట్టుకో, రుజువు దొరకలేదని మాత్రం ఎవరి మాటనీ అబద్ధమనకు, లేచి వెళ్ళి చూడు.