పొలిమేర లేని రాజ్యం

చండకేతు మహారాజు నాలుగు దిక్కులూ గెలిచి, "భూమండలమంతా నాదే, ఇక పొలిమేరలెందుకు?" అని ఊరూరా పొలిమేర రాళ్లు పీకించేశాడు. వద్దన్నవాళ్లను చెరలో వేయించాడు.

ఆ ఏడు ఒక పల్లెలో మశూచి వచ్చింది. అమ్మవారిని వేపమండలు కట్టిన బండిలో పొలిమేర దాటించి సాగనంపితేనే రోగం పోతుందని అక్కడివాళ్ల నమ్మకం. డప్పు కొట్టే పెంటయ్య ఆ బండిని తిన్నగా కోట గుమ్మానికి తోలుకొచ్చాడు.

రాజు మేడమీంచి కేకేశాడు. "మశూచి బండి నా వాకిట్లోకా? పొలిమేర అవతలికి తోలరా!"

"అవతల ఎక్కడుంది మహాప్రభో? ఎటు పోయినా ఇదీ ఏలినవారి నేలేనంటున్నారు భటులు. ఎలాగూ తమ నేలలోనే వదలాలి కదా, అందులోకల్లా మంచి చోటని ఇక్కడికి తెచ్చాను."

"అదిగో, ఆ గుట్ట నాది కాదు! అక్కడ వదిలెయ్!"

"ఆ మాట దండోరా వేయమంటారా?"

"వెయ్యరా, ముందు బండి తియ్!"

పెంటయ్య ఊరూరా దండోరా వేశాడు. మర్నాటి నుంచి, రోగం ఉన్నా లేకున్నా, ఊరికో వేపమండల బండి కోట ముందుకు రాసాగింది. ప్రతి బండికీ రాజు మేడమీంచి ఒక గుట్ట వదులుకున్నాడు.

నెల తిరిగేసరికి సార్వభౌముడి పొలిమేర కోటగోడ దగ్గరికొచ్చి ఆగింది.