కంసాలి వీధి దుమ్ము

వేదాద్రి వకీలు గారికి ఒక అలవాటుంది. జూనియర్లు సందేహం అడిగితే పుస్తకం తెరవరు; చెప్పులు తొడుక్కుంటారు. ఎక్కడికో తీసుకుపోయి ఏదో చూపిస్తారు. అర్థమైతే సరే. కాకపోతే అర్థమయ్యేదాకా మోసుకు తిరగవలసిందే.

ఆ ఉదయం సందేహం హైమకు వచ్చింది. ఎదురుగా బల్ల మీద పెంచలమ్మ కూర్చుని ఉంది. ఆమె కూతురు పెళ్ళయిన నాలుగో ఏట, అత్తవారింట్లో కాలిన గాయాలతో పోయింది. కట్నం చావు కేసు అయిదేళ్ళు నడిచి, అల్లుడూ అతని తల్లీ నిర్దోషులుగా బయటికి వచ్చారు.

"అమ్మను కాబట్టి నా మాట నమ్మకూడదంట. కడుపున పుట్టింది అమ్మకు చెప్పుకోక తాసిల్దారుకు చెప్పుకుంటాదామ్మా?" అంది పెంచలమ్మ.

అప్పీలుకు గడువు ఇంక పదిరోజులే. ఆమెను మళ్ళీ ఏళ్ళ తరబడి కోర్టుల చుట్టూ తిప్పడానికి హైమకు మనసొప్పలేదు. గురువును పక్కకు పిలిచి అడిగింది.

"సాక్షులను కళ్ళారా చూసిన జడ్జిగారే వదిలేశారు. ఉత్త కాగితాలు చూసే పైకోర్టు దాన్ని కాదనడం న్యాయమేనా సార్? లేని ఆశ పెట్టడం పాపం కాదా?"

వేదాద్రి గారు చెప్పులు తొడుక్కున్నారు.

కంసాలి వీధిలో కాలువ పక్కన ఈరమ్మ గొంతుక్కూర్చుని ఉంది. అంగళ్ళవాళ్ళు ఊడ్చి పారేసిన దుమ్మును చెక్కపళ్ళెంలో పోసి, కడిగి, బంగారు రజను ఏరుకోవడం ఆమెకు తాతలనాటి పని.

అరుగు మీది కంసాలి ఆటపట్టించాడు. "ఏమ్మే ఈరమ్మా, రెండుసార్లు జల్లించి పారేసినా. నా కంటికి ఆననిది నీ కంటికి ఆనుతుందా?"

"నీ కంటికి వంక పెట్టలేదు సామీ. నువ్వు పొడిదుమ్ము చూసినావు. నేను నీళ్ళు పోసి చూస్తాండా."

మొదటి పళ్ళెం అంతా బురదే. రెండోదీ అంతే. మూడోదానిలో ఏదో తళుక్కుమంటే హైమ "అదిగో!" అని అరిచింది. ఈరమ్మ దాన్ని గోటితో నొక్కి చూసింది, వెలుతురుకు తిప్పి చూసింది, చివరికి కాలువలోకి వదిలేసింది.

"ఇత్తడో బంగారమో తేలనిది నాది కాదమ్మా."

"పొద్దంతా కడిగినా ఏమీ దొరక్కపోతే?"

"లేదని లేచిపోతా. నా ముక్కుపుడక విరిచి అందులో వేసుకొని దొరికిందనలేను గదా! అట్లాగని కడక్కముందే లేదనేదానికి నేనెవరు?"

ఆఫీసుకు తిరిగి రాగానే హైమ కేసు కట్ట విప్పి మొదటి పుట నుంచి మొదలుపెట్టింది. తల్లి వాంగ్మూలం, మేనమామది, డాక్టరుది. ఎండ వాలేవేళకు తొమ్మిదో సాక్షి దగ్గర ఆమె చెయ్యి ఆగిపోయింది.

పాలు పోసే ఓబులేసు. ఇటు చుట్టమూ కాడు, అటు పగవాడూ కాడు. చావుకు రెండు రోజుల ముందు ఆ పిల్ల వాచిన చెంపతో గిన్నె పట్టుకొచ్చి, "బండికి డబ్బు తేకుంటే గడప ఎక్కనీమంటాండారు అన్నా" అని ఏడ్చిందని బోనులో చెప్పాడు. ఎదుటి వకీలు ఎంత గుచ్చి అడిగినా ఆ మాట మీదే నిలబడ్డాడు. హైమ నలభై పుటల తీర్పును రెండుసార్లు తిరగేసింది. నమ్మామనీ లేదు, నమ్మలేదనీ లేదు. ఓబులేసు పేరే లేదు.

"అప్పీలు వేద్దామమ్మా. బిడ్డను పోగొట్టుకున్న తల్లిగా ఆ హక్కు నీకూ ఉంది," అంది హైమ, పొద్దుటినుంచీ బల్ల మీదే కాచుకున్న పెంచలమ్మతో.

పెంచలమ్మ ఆమెను దాటి పెద్దాయన వైపు చూసింది. "గెలుస్తామా సారూ?"

"అది నాకు తెలీదు తల్లీ," అన్నారు వేదాద్రి గారు. "ఓబులేసు మాట ఇంకా ఎవరూ వినలేదు. అంతవరకే తెలుసు."