తుప్పు పట్టిన బోను, కానుగ నూనె

కానుగలకోన అనే అడవిలో ఒక అడవిదున్న, ఒక తల్లి ఎలుగుబంటి, దాని పిల్ల, ఒక వడ్రంగిపిట్ట, అల్లరి కోతులు కొన్ని ఉండేవి. కోన చివర, వేరుశెనగ చేల పక్కన, ఒక ముసలి ముళ్లపంది బొరియలో కాపురం ఉండేది. అందరూ దాన్ని "అవ్వా" అనే పిలిచేవారు. కానీ దగ్గరగా ఎవరూ కూర్చునేవారు కారు. ముళ్లు గుచ్చుకుంటాయని భయం.

ఆ అడవిలో ఒక ఇనుప బోను ఉండేది. ఎప్పుడో చిరుతను పట్టడానికి మనుషులు తెచ్చి పెట్టారు. చిరుత దొరకలేదు. మనుషులు బోనును మరిచిపోయారు. వానలకు తడిసి, ఎండలకు ఎండి, అది నిలువెల్లా తుప్పు పట్టింది. పైకెత్తిన తలుపు మాత్రం అలాగే పైన నిలిచి ఉంది.

వీపు దురద పెట్టినప్పుడల్లా అడవిదున్న వచ్చి ఆ బోనుకు రుద్దుకునేది. "నా బరువుకు ఓర్చుకునేది ఈ అడవిలో ఇదొక్కటే. చెట్లకు నేను ఆనితే చాలు, వంగిపోతాయి" అని గొప్పలు చెప్పేది.

ఒక వేసవి ఉదయం పిల్ల ఎలుగు తూనీగను తరుముతూ బోనులోకి దూరింది. అవతలి వైపు దున్న వీపు రుద్దుకుంటోంది. లోపల ఎవరున్నారో అది చూసుకోలేదు. బోను ఊగింది. తలుపు ధడాలున జారిపడింది. రెండు పక్కలా ఉన్న గాడుల్లో అది వంకరగా ఇరుక్కుని బిగిసిపోయింది.

తల్లి పరుగెత్తుకొచ్చింది. గోళ్లతో గీరింది. పళ్లతో లాగింది. తలుపు వెంట్రుకవాసి కదల్లేదు.

అప్పుడే చెట్టు మీంచి ఒక కోతి అరిచింది. "ఎలుగక్కా! తునికాకు కోసేవాళ్లు పక్క కొండ దాకా వచ్చేశారు. రేపు పొద్దెక్కేసరికి ఇక్కడుంటారు. పిల్లను చూస్తే పట్టుకుపోతారు!"

తల్లి ఏడుస్తూ మళ్లీ తలుపును గీరసాగింది.

"ఏడవకు. నేనుండగా తలుపెంత? ఒక్క కుమ్ము చాలు" అంది దున్న. కొమ్ము తలుపు కింద పెట్టి బలమంతా చూపి ఎగదోసింది. ఫెళ్లుమని చప్పుడైంది. తలుపు ఊడిందనుకుని అందరూ సంతోషించారు. ఊడింది తలుపు కాదు, కొమ్ము కొన. లోపల పిల్ల జడుసుకుని ఇంకా గట్టిగా ఏడ్చింది.

ఆ ఏడుపు విని ముళ్లపంది అవ్వ మెల్లగా నడుచుకుంటూ వచ్చింది. తలుపు చూసింది. గాడులు చూసింది.

"ఇనుముతో పంతం పడితే ఇనుమే గెలుస్తుంది నాయనా. దీనికి కావలసింది నూనె."

"నూనెనా? తలుపుకు తలంటు పోస్తావా అవ్వా?" అని దున్న వెక్కిరించింది. కోతులు పకపకా నవ్వాయి.

"తలంటే అనుకో. కుదుళ్ల దాకా పట్టించాలి" అంది అవ్వ. "చేలో శెనక్కాయలు తింటూ ఎన్నోసార్లు చూశాను. ఇంజను నట్టు బిగుసుకుపోతే రైతు దాని మీద బలం చూపడు. నూనె పోస్తాడు. చిన్నగా తడతాడు. చుట్ట కాల్చుకుంటూ కూర్చుంటాడు. ఆ తర్వాతే తిప్పుతాడు."

"దొంగతనంగా కాయలు తింటూ చదువు కూడా నేర్చావన్నమాట!" అంది కోతి.

"ఊరికే తినకూడదు కదరా" అంది అవ్వ.

కానుగ గింజల నిండా నూనె ఉంటుంది, కానీ అవి చేదు. ఆ అడవిలో వాటిని ఎవరూ ముట్టరు. అవ్వ చెప్పగా కోతులు కొమ్మలూపి ఆ కాయలు రాల్చాయి. ఎండకు కాలిన బండ మీద తల్లి ఎలుగు గింజలను రాయితో నూరింది. పిండితే పసుపుపచ్చని నూనె వచ్చింది. కానీ ఆ సన్నని సందులోకి నూనె ఎక్కించేదెలా? ఏ పంజా పట్టదు, ఏ వేలూ దూరదు.

అవ్వ తన వీపు మీది ముల్లు ఒకటి పీకింది. నూనెలో ముంచి గాడిలో పెట్టింది. చుక్క జారి లోపలికి దిగింది.

"వడ్రంగీ, నువ్వు గాడి పొడవునా ముక్కుతో తట్టు. పగలగొట్టినట్టు కాదు, నిద్ర లేపినట్టు."

చుక్క, తట్టు. చుక్క, తట్టు. పొద్దు వాలసాగింది. తలుపు మాత్రం ఎలా ఉన్నదో అలాగే ఉంది.

దున్నకు ఓపిక చచ్చింది. "నూనె నూనెలాగే ఉంది, తలుపు తలుపులాగే ఉంది! నాకు ఇంకో కొమ్ముంది. తప్పుకోండి!"

తల్లి తల్లడిల్లింది. "అవ్వా, వాళ్లు వచ్చేస్తే నా బిడ్డ..."

"తెలుసమ్మా. నేనూ పిల్లల్ని కన్నదాన్నే" అంది అవ్వ. "నూనె లోపల నడుస్తోంది. దాని నడక మన కంటికి కనిపించదు. ఇప్పుడు కుమ్మితే తలుపు మెలిపడి ఇక ఎన్నటికీ రాదు."

తల్లి ఒక్క క్షణం పిల్ల వైపు చూసింది. తర్వాత వెళ్లి తలుపుకు అడ్డంగా, దున్నకు ఎదురుగా నిలబడింది.

"ఆగు దున్నన్నా. అవ్వ చెప్పినట్టే చేద్దాం."

రాత్రంతా నూనె చుక్కలు పడుతూనే ఉన్నాయి. పిట్ట తడుతూనే ఉంది. తెల్లవారుతుండగా పిల్ల ఎలుగు అంది, "అమ్మా, నా కాలి మీద ఏదో పడింది."

ఎర్రటి చుక్క! గాడి అడుగు నుంచి ఇంకొకటి జారింది.

అవ్వ మొహం విప్పారింది. "పైన పోసింది కిందికి చేరింది. తుప్పును వెంటబెట్టుకుని వచ్చింది. దున్నయ్యా, ఇప్పుడు కావాలి నీ బలం. కానీ నేను చెప్పినంతే!"

దున్న తల వంచుకుని ముందుకు వచ్చింది.

"కొంచెం పైకి. ఆపు. కొంచెం కిందికి. మళ్లీ పైకి."

తలుపు కిర్రుమంది. వేలెడు లేచింది. దిగింది. జానెడు లేచింది. ఆ సందులోంచి పిల్ల బంతిలా దొర్లుకుంటూ వచ్చి తల్లి పొట్ట కింద దూరింది. ఆకు కోసేవాళ్ల మాటలు గట్టు అవతల వినిపించేసరికి, అందరూ దట్టమైన చెట్లలోకి చేరుకున్నారు.

తల్లి ఎలుగు కళ్లు చెమ్మగిల్లాయి. "అవ్వా, నిన్ను గట్టిగా కౌగిలించుకోవాలని ఉంది, కానీ..."

"వద్దులే తల్లీ, నీ ప్రాణం మీదికొస్తుంది!" అని అవ్వ నవ్వింది. "దండం పెట్టాలంటే ఆ పిట్టకు పెట్టు. ముక్కు ఎలా కందిపోయిందో చూడు. కానుగ చెట్టుకూ పెట్టు. చేదని ఇన్నాళ్లూ దాని మొహం చూడలేదు మనం."

తల్లి ముందు పిట్టకు, తర్వాత చెట్టుకు దండం పెట్టింది. ఆ మధ్యాహ్నం పెద్ద తేనెపట్టు తెచ్చి అవ్వ బొరియ ముందు పెట్టింది. దున్న విరిగిన కొమ్ముతో వచ్చి, "తప్పు నాది, మేలు నీది అవ్వా" అంది. ఆనాటి నుంచి అది ఎక్కడ వీపు రుద్దుకోవాలన్నా ముందు చుట్టూ ఒకసారి చూసుకునేది.

పిల్ల ఎలుగు ఏం చేసిందో తెలుసా? బొరియ ముందు రాలి ఉన్న ముళ్లను జాగ్రత్తగా ఏరి పక్కన పెట్టింది. తర్వాత వెళ్లి అవ్వ పక్కనే, ముళ్లు తగలకుండా వీలైనంత దగ్గరగా కూర్చుంది. దాన్ని చూసి కోతులూ కూర్చున్నాయి.

నీతి: బిగిసినదాన్ని గుంజితే విరుగుతుంది, ఓపికగా తడిపితే వదులవుతుంది. ఆ ఓపిక చూపి మేలు చేసినవారిని ఎన్నడూ మరువరాదు.